పొరపాటైపోయిందండీ

“ఈ కోటు చేతులు పొట్టివైపోతాయి, నా మాట వినమ్మా. ఆయన వేసుకుని చూసుకున్నాడంటే మన పని అయిపోయినట్టే” అన్నాను నేను.

మా అమ్మ మిషను ఆపకుండానే, “నీకు ఏది చూసినా అయిపోయినట్టే ఉంటుంది. పొద్దున పాలు పొంగినా అయిపోయిందన్నావు. కుట్టు” అంది.

“కొలిచి చూశానమ్మా. నాకే మణికట్టు దాకా రావడం లేదు. ఆ హోటల్ మేనేజరు నాకంటే జానెడు పొడుగు.”

“కోసిన గుడ్డ కుట్టడం మన పని. కోసే పని మీ మామయ్యది.”

“పోనీ ఒకసారి మామయ్యని అడిగి చూస్తే?”

“అడుగు. వెళ్ళి అడుగు మరి” అంది అమ్మ. నేను అడగనని ఆవిడకి తెలుసు.

కాజాలు కుడుతున్న నా కూతురు తల ఎత్తి, “అమ్మమ్మా, మా అమ్మ గుండె దడకి ఒక బెల్టు తగిలించామంటే ఈ మూడు మిషన్లూ కరెంటు లేకుండా నడుస్తాయి” అంది. ఇద్దరూ నవ్వుకున్నారు. నేను ఆ పొట్టి చేతుల్ని కోటుకి అతికి కుట్టేశాను.

నేను భయస్తురాలిని. ఎవరికైనా ఫోన్ చేస్తే రెండోసారి మోగే లోపలే వాళ్ళని ఆసుపత్రిలో చేర్చేస్తాను. మా ఆయన సరుకు లారీ నడుపుతాడు. రావడం కాస్త ఆలస్యమైందంటే ఆ లారీని ఏదో ఒక లోయలో పడేస్తాను. “నువ్వు పడేసిన లోయలన్నీ ఎక్కి రావాలి కదే, ఆలస్యం కాదూ?” అంటాడాయన. నవ్వొస్తుంది, భయం మాత్రం పోదు. అది ఎక్కణ్ణుంచి వచ్చిందో నాకు ఈ మధ్యనే తెలిసింది. తెలిసినప్పటినుంచీ ఒళ్ళు మండుతోంది. నేను చదివింది పదో తరగతి. తప్పులుంటే మన్నించమని మొదట్లోనే రాయబోయి చెయ్యి ఆపుకున్నాను. ఇక ఎవర్నీ మన్నించమని అడగదలుచుకోలేదు.

మా మామయ్య, అంటే మా అమ్మకి అన్నయ్య, బట్టలు కుట్టే దుకాణం పెట్టుకుని చాలా కాలమైంది. ముందు గదిలో నిలువుటద్దం, కత్తిరించే పెద్ద బల్ల, మామయ్య. మధ్యలో ఒక మందపాటి తెర. తెర వెనక మూడు మిషన్లు, ఇస్త్రీ బల్ల, గుడ్డపీలికలు, మేము. వీధిలో అందరూ ఆయన్ని మాస్టారూ అంటారు. ఆయన కొలతలు రాసుకోడు. అదే ఆయన గొప్ప. “రాసుకునేవాడికి బుర్ర ఖాళీ అన్నమాట. మీ నడుమే కాదు, పోయిన మీ నాన్నగారి నడుము కూడా నాకు గుర్తే” అంటాడు. వచ్చినవాళ్ళు మురిసిపోతారు. ఆ మురిపెంలో వాళ్ళ చెయ్యి కొలత వెనకాల వచ్చినాయనకి పోతుంది, వెనకాల ఆయన భుజాలు ఇంకెవరికో పోతాయి. ఎక్కువసార్లు బాగానే కుదురుతుంది, అబద్ధం ఎందుకు? ఆయన చేతిలో పని ఉంది. కానీ కొలిచేటప్పుడు ఆ నోటికి మూత ఉండదు.

నా కూతుర్ని ఇంట్లో పిచ్చుక అంటాం. నిద్రలో కూడా మాట్లాడుతుంది కనక. చదువు అయిపోయింది. పాల ఫ్యాక్టరీలో, పాలు పరీక్ష చేసే గదిలో ఉద్యోగానికి రమ్మన్నారు. బస్సులో సగం రోజు ప్రయాణం. నెలాఖరులోగా చేరాలి. అప్పటిదాకా ఊరికే కూర్చోవడం ఎందుకని దుకాణానికి వచ్చి కాజాలు కుడుతోంది. ఆ ఉద్యోగం మాట వచ్చినప్పటినుంచీ నాకు నిద్ర లేదు. బస్సు బోల్తా పడితే? ఆ గదిలో మందు సీసా ఏదైనా మొహం మీద పేలితే? జ్వరమొస్తే నుదుటి మీద చెయ్యి వేసేదెవరు?

మామయ్య అది కనిపెట్టాడు. “ఎందుకమ్మాయ్ అంత దూరం?” అన్నాడు ఒకరోజు. “మీ అమ్మకి మోకాళ్ళు సహకరించడం లేదు. ఆ మిషను ఎలాగూ ఖాళీ అవుతుంది. మన పిల్ల మన తెర వెనకే ఉంటుంది. నీ కళ్ళ ముందు.”

కళ్ళ ముందు అనగానే నా ప్రాణం లేచొచ్చింది. నోటితో ఔననలేదు కానీ లోపల ఔననేశాను.

మేనేజరు కోటు కోసం వచ్చిన రోజు మధ్యాహ్నం నేను ఇస్త్రీ చేస్తున్నాను. తెర వెనకనుంచి మాకు మనుషులు కనబడరు, కాళ్ళే కనబడతాయి. నిగనిగలాడే నల్ల బూట్లు అద్దం ముందు ఇటు తిరిగాయి, అటు తిరిగాయి, ఆగిపోయాయి.

“ఏంటి మాస్టారూ ఇది? కొలిచిన తరవాత నా చేతులు పెరిగాయా?”

మామయ్య నవ్వాడు. ఆయన నవ్వలేదు.

“రేపు మా ఓనరు వస్తున్నాడు. తమ్ముడి కోటు దొంగిలించి వేసుకొచ్చినట్టుంది నా వాలకం. ఇదేనా మీ పనితనం? ఇంత పేరు చెప్పుకుంటారు!”

“ఒక్క నిమిషం సార్, ఒక్క నిమిషం” అని మామయ్య గొంతు మార్చాడు. ఆ గొంతు నాకు ఊహ తెలిసినప్పటినుంచీ తెలుసు. గచ్చు మీద ఇనపకుర్చీ ఈడ్చినట్టు ఉంటుంది. “ఎవరే అక్కడ! బయటికి రా!”

అమ్మ మోకాలి మీద చెయ్యి ఆనించి సగం లేచింది. మోకాలు మొరాయించింది. మళ్ళీ కూర్చుని పిచ్చుక వైపు చూసింది.

“నువ్వెళ్ళు తల్లీ.”

“నేనా? ఆ కోటు నేను ముట్టుకోనైనా లేదు కదా అమ్మమ్మా?”

“ముట్టుకున్నావా అని ఎవరడిగారే? వెళ్ళి తల దించుకుని నిలబడు. తాతయ్య నాలుగు మాటలంటాడు. పొరపాటైపోయిందండీ అను, వచ్చెయ్. అంతే.”

గుండీ కుట్టి రమ్మన్నట్టు చెప్పింది. నేను నోరు తెరిచేసరికే తెర ఊగుతోంది. నల్ల బూట్ల ఎదురుగా నా కూతురి చెప్పులు వచ్చి ఆగాయి.

“కళ్ళు నెత్తికెక్కాయా?” అన్నాడు మామయ్య. “సారు చెయ్యెంత, నువ్వు కుట్టిందెంత? చూసి కుట్టు, చూసి కుట్టు అని నేను నెత్తీనోరూ కొట్టుకుంటే నీకు చెవికెక్కదా? అన్నం తింటున్నావా, గడ్డి తింటున్నావా?”

నా చేతిలో ఇస్త్రీపెట్టె ఉంది. కింద ఎవరిదో చొక్కా ఉంది. కాలుతున్న వాసన వచ్చేదాకా చెయ్యి కదల్లేదు.

“పొరపాటైపోయిందండీ” అంది పిచ్చుక. అది దాని గొంతు కాదు. దానికి అంత చిన్న గొంతు ఉందని నాకు తెలియదు.

మేనేజరు వెంటనే మెత్తబడ్డాడు. “సరే, పోనివ్వండి మాస్టారూ. చిన్నపిల్ల. రేపు పొద్దుటికల్లా సరిచేసి ఇచ్చెయ్యండి.” బూట్లు వెళ్ళిపోయాయి.

మామయ్య తెర తొలగించి తల లోపల పెట్టాడు. “శెభాష్! అచ్చం మీ అమ్మమ్మే!” అన్నాడు. మనసారా మెచ్చుకున్నాడు మహానుభావుడు.

పిచ్చుక నవ్వింది. కూర్చుంది. సూది అందుకుంది. ఆ తరవాత సాయంత్రం దుకాణం కట్టేసేదాకా ఒక్క మాట మాట్లాడలేదు.

నేను ఆ గదిలోనే పెరిగాను. నాన్న పోయాక, రోజూ సాయంత్రం బడి విడిచిపెట్టగానే తిన్నగా దుకాణానికి వచ్చి అమ్మ మిషను కింద పీలికల మధ్య కూర్చునేదాన్ని. పైన అమ్మ కాళ్ళు పెడలు తొక్కుతూ ఉండేవి. ఉన్నట్టుండి ఆ గొంతు వినబడేది, ఎవరే అక్కడ అని. పెడలు ఆగిపోయేది. అమ్మ కాళ్ళు తెర దాటి వెళ్ళి వేరే కాళ్ళ ముందు నిలబడేవి. కళ్ళు లేవా, బుద్ధి లేదా, నీలాంటిదాన్ని పనిలో పెట్టుకున్నందుకు నన్ను అనాలి అని మామయ్య అరిచేవాడు. పొరపాటైపోయిందండీ అనేది అమ్మ. లోపలికి వచ్చి, మిషను మీద వాలిపోయి, నోటికి గుడ్డ అడ్డం పెట్టుకునేది. కింద కూర్చున్న నాకు ఆవిడ భుజాలు కదలడం కనబడేది.

మా అమ్మకి పని చేతకాదని నేను నమ్మాను. రోజూ ఏదో ఒకటి పాడుచేసేంత చేతకానిదని. మామయ్య దయ తలిచి ఉంచుకున్నాడని, ఇంకొక్క తప్పు జరిగితే వీధిలో పడేస్తాడని. అందుకని నేను తప్పు చెయ్యకుండా బతకాలనుకున్నాను. బళ్ళో సున్నా చుట్టినా గుండ్రంగా రాలేదేమోనని మళ్ళీ చుట్టేదాన్ని. ఎవరైనా నా పేరు పిలిస్తే ముందు ‘నేను కాదండీ’ అనేదాన్ని. టీచరు నవ్వేది. “హాజరు వేస్తున్నానే తల్లీ” అనేది.

పెద్దయ్యాక నేనూ మిషను ముందు కూర్చున్నాను. గుడ్డ మీద మామయ్య గీసిన సుద్ద గీతలు చూశాను. అప్పుడు తెలిసింది, అమ్మ కుట్టు గీత మీంచి వెంట్రుకవాసి కూడా తప్పదని. గీతే తప్పు. ఆ రోజునుంచి అమ్మని చూస్తే జాలి. నోట్లో నాలుక లేని మనిషి, పాపం, నా కోసం పడింది అనుకున్నాను. ఆవిడ ఏం చెప్పినా ఎదురు చెప్పలేదు. నాకు పెళ్ళై, పిల్ల పుట్టి, నా నెత్తి మీద తెల్లవెంట్రుకలు వచ్చినా ఆ జాలి అలాగే ఉంది. ఆ రోజు సాయంత్రం దాకా ఉంది.

ఇంటికొచ్చాక పిచ్చుక టీ పెట్టింది. గ్లాసు నా చేతికిస్తూ, “పొరపాటైపోయిందమ్మా, చక్కెర ఎక్కువ పడిందేమో” అంది.

నేనింకా తాగలేదు. ఎవరూ తాగలేదు.

“ఏమైందే నీకు?” అన్నాను.

“ఏం లేదు. అమ్మా, నేను ఇక్కడే ఉండిపోతానులే. తాతయ్య కూడా ఉండమంటున్నాడు కదా. అక్కడికి వెళ్ళి ఏ పరీక్షో తప్పు చేశాననుకో, అన్ని పాలూ పారబొయ్యాలి. అందరూ నన్నే అంటారు.”

నేను కోరుకున్నది అదే. పిల్ల కళ్ళ ముందు ఉండడం. అది తనంతట తనే ఉంటానంటే నాకు పండగ కావాలి. గ్లాసు పక్కన పెట్టేశాను. ఆ మాటలు దానివి కావు, నావి. నా నోట్లోంచి తీసి దాని నోట్లో పెట్టినట్టున్నాయి.

మంచం మీద కూర్చుని మోకాలికి నూనె రాసుకుంటున్న అమ్మ వైపు తిరిగాను.

“ఎందుకు పంపావు దాన్ని?”

“ఎక్కడికి?”

“తెర బయటికి. తిట్లు తినడానికి. నువ్వు తిన్నది చాల్లేదా? నీ ప్రాణానికి అలవాటైంది సరే, దాని ప్రాణం ఏం చేసింది?”

“ఓస్, అదా!” అంది అమ్మ. నిజంగా తేలిగ్గా ఊపిరి వదిలింది. “ఇంకా ఏమిటో అనుకుని హడిలిపోయాను. రెండు మాటలు పడితే ఒళ్ళేమైనా అరిగిపోతుందా? అవి తిట్లనుకున్నావా పిచ్చిమొహమా? నాటకమే అది. మీ మామయ్యకి ఆ నాటకం నేర్పింది ఎవరనుకున్నావు? నేనే.”

పిచ్చుక నా మొహం చూసి గోడకి ఆనుకుంది.

అమ్మ హుషారుగా చెప్పుకొచ్చింది. ఆవిడకి అది మంచి కథ. “మీ నాన్న పోయిన ఏడాది. ఒక పోలీసాయన, ఇంత మనిషి, చొక్కా బిగిసిపోయిందని మీ మామయ్య మీదికి చెయ్యెత్తాడు. తెర కింద నుంచి చూస్తున్నా, మీ మామయ్య కాళ్ళు గడగడా వణుకుతున్నాయి. పైకి ఎంత డాబో లోపల అంత పిరికి వాడు, చిన్నప్పటినుంచీ అంతే. నేను బయటికెళ్ళి, నేను కుట్టానండీ, పొరపాటైపోయిందండీ అన్నా. ఎత్తిన చెయ్యి దించేశాడు! ఆడమనిషి తల దించుకుని నిలబడితే ఎంతసేపని అరుస్తాడే? ఆ పూటే మీ మామయ్య, నువ్వున్నన్నాళ్ళూ ఈ మిషను నీదే అన్నాడు. ఆ తరవాత ఎవడొచ్చి రంకెలు వేసినా అదే మందు. దుకాణం నిలబెట్టింది కత్తెర కాదే, నేను. లోపలికి వచ్చి నోట్లో గుడ్డ కుక్కుకుని నవ్వుకునేదాన్ని. నువ్వు కిందే ఉండేదానివిగా, చూడలేదూ?”

చూశాను. భుజాలు కదలడం చూశాను. ఏడుస్తోందనుకుని, పీలికలు నోట్లో కుక్కుకుని నేనూ ఏడ్చేదాన్ని. పైన ఆవిడ నవ్వు, కింద నా ఏడుపు. మధ్యన ఒక చెక్క.

నాకు ఇంత కోపం ఎప్పుడూ రాలేదు. వస్తే ఏమవుతుందో అని రానిచ్చేదాన్ని కాదు.

“నీకు నాటకం!” అన్నాను. “నీకు తెలుసు, మామయ్యకి తెలుసు. నాకెవరు చెప్పారు? నేను మిషను కింద ఉన్నానని నీకు తెలుసుగా. వంగి ఒక్క మాట, ఒక్క మాట, ఇదంతా ఉత్తిదే తల్లీ అని చెబితే నీ సొమ్మేం పోయేది? నేను నమ్మానమ్మా! నువ్వు పనికిమాలినదానివని నమ్మాను. నీ కడుపున పుట్టాను కనక నేనూ పనికిమాలినదాన్నే అనుకున్నాను. ఎవరైనా తలుపు కొడితే నేనేం తప్పు చేశానా అని వెతుక్కుంటాను. బస్సులో ఎవరో నా కాలు తొక్కితే నేను సారీ చెబుతాను. నా పెళ్ళిలో కరెంటు పోతే మా అత్తగారికి నేను క్షమాపణ చెప్పుకున్నానే! అందరూ నవ్వారు. నువ్వు కూడా నవ్వావు!”

“చిన్నపిల్లవి, నీకేం చెబుతాను...”

“చిన్నపిల్లనైనా తిట్లు వినడానికి పనికొస్తాను, నిజం వినడానికి పనికిరానా? పోనీ, పెద్దయ్యాక చెప్పావా? ఇన్నేళ్ళు నీ మీద జాలి పడ్డాను. జాలి! మా అమ్మ పాపం, ఓడిపోయిన మనిషి అని. నువ్వు ఓడిపోలేదు. నువ్వు గెలిచావు. ఆ గెలుపుకి అయిన ఖర్చంతా నా నెత్తిన రుద్ది, హాయిగా నవ్వుకున్నావు. ఇప్పుడు దాన్ని పంపావు. అది పొద్దుటిదాకా పిచ్చుక. ఇప్పుడు చూడు దాన్ని. ఎందుకమ్మా? ఆ తప్పు నీది కాదని గట్టిగా చెప్పడానికి ఇన్నేళ్ళలో ఒక్క రోజు దొరకలేదా నీకు? చెప్పు!”

అమ్మ నూనె చేతులు ఒళ్ళో పెట్టుకుని నన్ను చూసింది. మామూలుగా అయితే ఆ చూపుకే నేను కరిగిపోయి, పోనీలే అమ్మా అనేదాన్ని. అనలేదు. చల్లారిన టీ తీసుకెళ్ళి పారబోశాను. అందులో చక్కెర సరిగ్గానే ఉందో లేదో నాకిప్పటికీ తెలియదు.

ఆ వారమంతా అమ్మ మాట్లాడలేదు. అలక కాదు అది. అలకైతే అన్నం దగ్గర తెలుస్తుంది. తింటోంది, దుకాణానికి వస్తోంది, కుడుతోంది. అడిగినదానికి తల ఊపుతోంది. నాకు భయం మొదలైంది. నా మాటలకి ఆవిడకి లోపల ఏదైనా నరం తెగిందేమో అనుకున్నాను. రాత్రి పడుకుంటే ఊపిరి ఆడుతోందా అని వెళ్ళి చూశాను. అంత కోపంలోనూ వెళ్ళి చూశాను. చూసి వచ్చి మళ్ళీ కోపం తెచ్చుకున్నాను.

పిచ్చుక పాల ఫ్యాక్టరీ వాళ్ళకి ఫోన్ చేసి రానని చెప్పేస్తానంది. వద్దన్నాను. “మరి వెళ్ళమంటావా?” అంది. వెళ్ళమనడానికీ నోరు రాలేదు. “నెలాఖరు దాకా ఆగు” అన్నాను. “నాకు భయంగా ఉందమ్మా” అంది అది. నాతో ఆ మాట అనడం అదే మొదటిసారి. ఇంతకు ముందు ఆ మాట ఇంట్లో నాకొక్కదానికే సొంతం.

మందుల షాపు ఆవిడ తెల్లకోటు వేసుకుని చూసుకోవడానికి వచ్చినప్పుడు మేము ముగ్గురం తెర వెనకే ఉన్నాం. మడమల దగ్గర అరిగిన చెప్పులు, రోజంతా నిలబడి పనిచేసే మనిషివి. అద్దం ముందు నిలబడి చెయ్యి పైకెత్తినట్టుంది.

“మాస్టారూ, ఇది బిగుతు. చూడండి, పై అరలో సీసా అందుకుంటే చంక కింద పిటపిటమంటోంది. ఇది రెండోసారి. పోయినసారి కూడా ఇంతే చేశారు. నేనేమైనా చెయ్యి దించుకుని మందులు అమ్మాలా?”

“ఏదమ్మా, చూడనీ... అయ్యయ్యో!” గొంతు మారింది. కుర్చీ ఈడ్చిన చప్పుడు. “పిచ్చుకా! బయటికి రా!”

ఈసారి పేరు పెట్టి పిలిచాడు. ఎవరే అక్కడ అని కూడా కాదు. పిచ్చుక వెంటనే లేచింది. తెర ఇంకా చేరలేదు, అప్పుడే తల దించేసుకుంది.

నేను దాని భుజం పట్టుకుని కూర్చోబెట్టాను. ఎందుకు కూర్చోబెట్టానో, తరవాత ఏం చెయ్యాలో ఏమీ అనుకోలేదు. తెర తీసుకుని నేను వెళ్ళాను.

ముందు గదిలో ఎండ కళ్ళలో పడింది. నన్ను చూసి మామయ్య కనుబొమ్మ ఎగరేశాడు. సరే, నువ్వైతేనేం అన్నట్టు సర్దుకుని అందుకున్నాడు.

“ఇన్నేళ్ళ అనుభవం ఉండి నువ్వా ఇలా చేసేది? ఈవిడ నాకు ఎంత కావలసిన మనిషో తెలుసా? భుజం దగ్గర ఇంత బిగించి చచ్చావేం? నీ ధ్యాస ఎక్కడుంది? ఇంట్లో వదిలేసి వచ్చావా?”

నేను నోరు తెరిచాను. “పొర...” అని దానంతట అదే వచ్చేసింది. నాలుక కొరుక్కున్నాను. నిజంగా కొరుక్కున్నాను, నోట్లో ఉప్పగా తగిలింది. పోనీ, నువ్వే కోశావు మామయ్యా అందామనుకున్నాను. ఆ మాట లోపల ఎంత వెతికినా దొరకలేదు. దొరికిందల్లా నిలబడి ఉండడం ఒక్కటే. తల మాత్రం దించలేదు.

మామయ్య ఆగాడు. మెల్లిగా, పక్కకి, “అనవే” అన్నాడు.

నేను అనలేదు.

మిషను లాగేసుకుంటాడు అనుకున్నాను. అమ్మ మిషను కూడా. వీధిలో అందరికీ చెబుతాడు, ఇంకెవరూ పని ఇవ్వరు. ఈవిడ ఇక మాకు మందులు ఇవ్వదు, అదే రోజు ఎవరికో ఆయాసం వస్తుంది. మా ఆయన లారీ ఎక్కడుందో ఏమో. పాల ఫ్యాక్టరీకి వెళ్ళే బస్సు కూడా కనబడింది, కిటికీ పక్కన పిచ్చుక, వంతెన, నీళ్ళు. ఆ బస్సుని ఈసారి వంతెన మీంచి పడెయ్యలేదు. పోనిచ్చాను.

“నోరు పడిపోయిందా నీకు?” అన్నాడు మామయ్య. ఈసారి అరుపులో నాటకం లేదు, కంగారు ఉంది.

మందుల షాపు ఆవిడ ఆయన్నీ నన్నూ మార్చి మార్చి చూసింది. “ఏంటమ్మా, మాట్లాడవేం? ఇంతకీ ఎవరు చేశారిది?”

తెర వెనక మిషను ఆగిపోయింది. గోడ పట్టుకుని, ఒక్కో అడుగే వేసుకుంటూ అమ్మ వచ్చింది. వెనకాల తెర పట్టుకుని పిచ్చుక.

మామయ్య మొహం వెలిగింది. “అదిగో, మా చెల్లెలు వచ్చింది. చెప్పవే, ఎలా జరిగిందో మేడంకి చెప్పు.”

అమ్మ నా పక్కన నిలబడింది. ఇప్పుడు కూడా ఆ మాటే అంటుంది అనుకున్నాను. అంటే ఇక ఈ జన్మలో ఆవిడతో మాట్లాడను అనుకున్నాను. నాలో దయ ఒక్క చుక్క కూడా లేదు. అమ్మ మందుల షాపు ఆవిడ కోటు భుజం మీద కుట్టు వెంట వేలితో మెల్లిగా తడిమింది, మెడ దగ్గర్నుంచి చంక దాకా. ఇస్త్రీపెట్టె లోపలెక్కడో చిటచిటలాడింది. వీధిలో ఎవరో బండి ఆపి మళ్ళీ వెళ్ళిపోయారు. మామయ్య టేపు చివర వేలికి చుట్టుకుంటున్నాడు, విప్పుతున్నాడు. మందుల షాపు ఆవిడ అసహనంగా నిట్టూర్చింది. అమ్మ మామయ్య వైపు చూడలేదు. తల తిప్పి నన్ను చూసింది, పెద్దదాన్నైన నన్ను కాదు, ఇంకా కిందికి, నా మోకాళ్ళ ఎత్తులో ఎవరో ఉన్నట్టు చూసింది. నా మణికట్టు పట్టుకుంది.

“కుట్టు ఎక్కడా తప్పలేదమ్మా” అంది. ఇన్నాళ్ళ తరవాత వచ్చిన గొంతు, బొంగురుగా, వీధిలోకి వినబడేంత గట్టిగా ఉంది. “మీ భుజం కొలిచేటప్పుడు మా అన్నయ్య ఫోన్లో మాట్లాడుతున్నాడు. కొలత తప్పు. కోత తప్పు. కోసింది ఆయన. ఇన్నేళ్ళూ కోసింది ఆయనే. మా అమ్మాయి వింటోంది, అందుకని గట్టిగా చెబుతున్నాను.”